ఒక రాత్రి 81, ఇరవై సీజన్లలో 33,643: కోబీ బ్రయంట్ అంకెలను ఎలా చదవాలి?

2006 జనవరి 22న లాస్ ఏంజెలెస్‌లో టొరంటో రాప్టర్స్‌తో జరిగిన మ్యాచ్‌లో లేకర్స్ ఆటగాడు కోబీ బ్రయంట్ 42 నిమిషాలు కోర్టులో ఉండి 81 పాయింట్లు చేశాడు. పదేళ్ల తర్వాత, 2016 ఏప్రిల్ 13న, అదే స్టేడియంలో అదే జట్టు తరఫున మళ్లీ 42 నిమిషాలు ఆడి 60 పాయింట్లు చేశాడు. మొదటి రాత్రి అతడి వయసు 27, రెండో రాత్రి 37. ఆ రెండోది అతడి ఆఖరి మ్యాచ్.

బాస్కెట్‌బాల్ చూసేవారు ఈ రెండు రాత్రులనూ ఇప్పటికీ తలచుకుంటూనే ఉంటారు. అమెరికా ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌బీఏలో ఎవరైనా ఒక్క మ్యాచ్‌లో 70 దాటినప్పుడు, లేదా నలభై ఏళ్ల ఆటగాడొకరు ఇంకా ఆడుతూనే ఉన్నప్పుడు పాత చర్చ మళ్లీ మొదలవుతుంది: ఒక్క రాత్రి ఆకాశాన్నంటడం గొప్పా, ఏళ్ల తరబడి నిలబడటం గొప్పా? ఈ చర్చలో వినిపించే అంకెలు చాలావరకు నిజమైనవే. అయితే అవన్నీ ఒకే విషయాన్ని కొలవవు. ఏ అంకె దేన్ని కొలుస్తుందో విడదీసి చూస్తే సగం చిక్కు వీడుతుంది.

81 పాయింట్లు ఎలా వచ్చాయి

బాస్కెట్‌బాల్ అంతగా పరిచయం లేనివారి కోసం మూలం నుంచి చూద్దాం. ఎన్‌బీఏ మ్యాచ్ 48 నిమిషాలు, పన్నెండేసి నిమిషాల నాలుగు క్వార్టర్లు. ఆట నడుస్తుండగా బంతిని బుట్టలో వేస్తే 2 పాయింట్లు. దూరంగా గీసిన వంపు గీత బయటి నుంచి వేస్తే 3. ప్రత్యర్థి తప్పు చేసినప్పుడు ఎవరూ అడ్డురాకుండా గీత దగ్గర నిలబడి వేసే ఫ్రీ త్రోకు 1.

ఆ రాత్రి కోబీ 46 షాట్లు ప్రయత్నించి 28 వేశాడు. వాటిలో 7 దూరపు షాట్లు, అంటే 21 పాయింట్లు. మిగతా 21 షాట్లకు 42. ఫ్రీ త్రోలు 20 దొరికితే 18 వేశాడు. 42, 21, 18 కలిపితే 81.

ఆఖరి మ్యాచ్ లెక్క వేరు. 50 షాట్లలో 22 పడ్డాయి. అందులో 6 దూరపు షాట్లకు 18 పాయింట్లు, 16 దగ్గరి షాట్లకు 32, ఫ్రీ త్రోలు 12కు 10. మొత్తం 60.

షాట్లను, ఫ్రీ త్రోలను ఒకే తక్కెడలో వేయడానికి విశ్లేషకులు వాడే కొలత ఒకటుంది. దాని పేరు ట్రూ షూటింగ్. ఫ్రీ త్రోలు సాధారణంగా జంటగా వస్తాయి. కొన్నిసార్లు షాట్ పడ్డాక అదనంగా ఒక్కటే వస్తుంది. అందుకే ఒక్కో ఫ్రీ త్రోను సుమారు 0.44 అవకాశంగా లెక్కిస్తారు. ఆ ప్రకారం 2006లో కోబీ వాడుకున్న అవకాశాలు 46కు 8.8 కలిపి దాదాపు 55. 2016లో 50కి 5.3 కలిపితే, అదీ దాదాపు 55.

నిమిషాలూ సమానమే, అవకాశాలూ సమానమే, తేడా మాత్రం 21 పాయింట్లు. ట్రూ షూటింగ్ శాతంలో చెప్పాలంటే మొదటి రాత్రి సుమారు 74, రెండో రాత్రి 54. నాకు ఇంతకన్నా ఆసక్తి కలిగించేది షాట్లు ఎక్కడి నుంచి వేశాడన్నది. 27 ఏళ్లప్పుడు 46 షాట్లలో దూరం నుంచి వేసినవి 13. 37 ఏళ్లప్పుడు 50లో 21. ఫ్రీ త్రోలు 20 నుంచి 12కు తగ్గాయి. బుట్ట వైపు దూసుకెళ్లి, ఒళ్లు ఢీకొట్టించుకుని, తప్పు చేయించి రాబట్టుకునేవి ఫ్రీ త్రోలు. కాళ్లలో సత్తువ తగ్గిన ఆటగాడు క్రమంగా గీత బయటికి జరుగుతాడు. ఆ పదేళ్ల కథ స్కోరు పట్టికలోనే ఉంది.

రెండు రాత్రులను చూసి మొత్తం ఆటకు తీర్పు చెప్పకూడదు నిజమే. సీజన్ అంకెలూ అదే మాట చెబుతున్నాయి. 2005-06లో అతడి షాట్లలో 45 శాతం పడ్డాయి, మ్యాచ్‌కు సగటు 35.4 పాయింట్లు. 2015-16లో పడినవి 35.8 శాతం, సగటు 17.6.

భారీ స్కోరుకు ఏమేం కలిసి రావాలి

నైపుణ్యం ఒక్కటే చాలదు. మొదట కావలసింది అవసరం. టొరంటో మ్యాచ్‌లో సగం ఆట ముగిసేసరికి లేకర్స్ 14 పాయింట్లు వెనకబడి ఉంది. అప్పటికి కోబీ చేసినవి 26. మిగతా 55 రెండో సగంలోనే వచ్చాయి. జట్టు చివరికి 122-104తో గెలిచింది. దీనికి నెల రోజుల ముందు, 2005 డిసెంబర్ 20న, డాలస్ మావెరిక్స్‌పై మూడు క్వార్టర్లు ముగిసేసరికి కోబీ 62 పాయింట్లు చేశాడు. అప్పటికి డాలస్ జట్టంతా కలిసి చేసినవి 61. మ్యాచ్ చేతికి వచ్చేసింది కాబట్టి నాలుగో క్వార్టర్ మొత్తం బెంచీ మీదే కూర్చున్నాడు. అవసరం ఉంటే ఆ స్కోరు ఎక్కడిదాకా వెళ్లేదో ఊహించడం కష్టం కాదు.

రెండోది, జట్టులో అతడి మీద ఎంత భారం ఉందన్నది. కోర్టులో ఉన్నంతసేపు జట్టు అవకాశాల్లో ఎన్నింటిని ఒక ఆటగాడు ముగిస్తాడో చెప్పే కొలతను యూసేజ్ రేటు అంటారు. అయిదుగురు సమానంగా పంచుకుంటే తలా 20 శాతం. 2005-06లో కోబీది 38.7 శాతం, అప్పటికి అదే రికార్డు. జట్టుకు మరో స్తంభంగా ఉన్న షకీల్ ఒనీల్ వెళ్లిపోయిన ఆ లేకర్స్‌లో భారం మోయడానికి మరొకరు లేరు. ఆ సీజన్‌లో జట్టు 45 గెలిచి 37 ఓడింది. ప్లేఆఫ్స్ తొలి రౌండ్‌లోనే ఏడు మ్యాచ్‌ల సిరీస్‌లో ఫీనిక్స్ చేతిలో 4-3తో ఇంటిదారి పట్టింది. 81 గురించి మాట్లాడేటప్పుడు ఈ సంగతి వదిలేస్తే కథ సగమే చెప్పినట్టు.

మూడోది కాలం. 1962 మార్చి 2న పెన్సిల్వేనియాలోని హెర్షీ పట్టణంలో విల్ట్ చేంబర్లిన్ న్యూయార్క్ నిక్స్‌పై 100 పాయింట్లు చేశాడు. అది జెట్ వేగంతో సాగిన కాలం. జట్లు పరుగెత్తుకొచ్చి వెంటవెంటనే షాట్లు వేసేవి. ఆ మ్యాచ్ స్కోరే 169-147. పైగా వందకు దగ్గరపడ్డాక అతడి సహచరులు బంతిని అతడికే అందిస్తూ వచ్చారు. బంతి త్వరగా తిరిగి రావాలని నిక్స్ ఆటగాళ్ల మీద కావాలని తప్పులు చేశారు కూడా. 2005-06లో మాత్రం ఒక జట్టు మ్యాచ్‌కు సగటున చేసినవి 97 పాయింట్లే. 2023-24 నాటికి అది మళ్లీ 114కు పెరిగింది.

కాలాల మధ్య ఈ తేడాను కొంతైనా సరిచేయాలంటే జట్టు మొత్తంలో వాటా చూడాలి. చేంబర్లిన్ 169లో 100 చేశాడు, 59 శాతం. కోబీ 122లో 81, అంటే 66 శాతం. 2024 జనవరి 26న లుకా డాన్చిచ్ అట్లాంటాపై 73 చేసినప్పుడు డాలస్ మొత్తం 148, వాటా 49 శాతం. అలాగని ఈ కొలతే తుది తీర్పు కాదు. సహచరులు బలంగా ఉంటే వాటా దానంతటదే తగ్గుతుంది, అది ఆటగాడి లోపం కాదు. చేంబర్లిన్‌ను తక్కువ చేయడానికీ దీన్ని వాడకూడదు. అతడు ఆ సీజన్ మొత్తానికి మ్యాచ్‌కు సగటున 50.4 పాయింట్లు చేశాడు. తోడ్పాటు అందిన రాత్రి ఒక్కటే కావచ్చు, సీజన్ పొడవునా వచ్చిన సగటు మాత్రం అతడి సొంతం.

పెద్ద రాత్రులు కెరీర్ మొత్తాన్ని ఎంత కదిలిస్తాయి

క్రికెట్‌తో పోల్చి చూస్తే ఇది మనకు తేలిగ్గా అర్థమవుతుంది. 2001లో ఈడెన్ గార్డెన్స్‌లో ఆస్ట్రేలియాపై మన హైదరాబాదీ వీవీఎస్ లక్ష్మణ్ చేసిన 281ని ఎవరు మరచిపోతారు? టెస్టుల్లో సచిన్ టెండూల్కర్ అత్యధిక స్కోరు 248 నాటౌట్. మొత్తం పరుగుల్లో చూస్తే సచిన్‌వి 15,921, లక్ష్మణ్‌వి 8,781. ఈ రెండు అంకెల జంటలూ నిజమే. ఒకదాన్ని చూపించి ఇంకోదాన్ని కొట్టేయలేం.

బాస్కెట్‌బాల్‌లో దీనికి సరిగ్గా సరిపోయేవాడు కరీం అబ్దుల్ జబ్బార్. దాదాపు నలభై ఏళ్లపాటు ఎన్‌బీఏలో అత్యధిక పాయింట్ల రికార్డు అతడిది: 20 సీజన్లు, 1,560 మ్యాచ్‌లు, 38,387 పాయింట్లు. మరి ఒక్క మ్యాచ్‌లో అతడి అత్యధికం? 55. కోబీ 60 దాటిన లేదా 60 అందుకున్న మ్యాచ్‌లు ఆరు ఉంటే, కరీంకు ఒక్కటీ లేదు. ఒంటి చేత్తో తల మీదుగా వంపు తిప్పి వేసే స్కైహుక్ షాట్‌తో, రాత్రి తర్వాత రాత్రి ఇరవై, ముప్పై పాయింట్లు పోగుచేసుకుంటూ వెళ్లాడు. పొడగరి కాబట్టి ఆ షాట్‌కు పెద్దగా ఎగరనక్కర్లేదు, వేగంతోనూ పని లేదు. వయసు మొదట దెబ్బకొట్టే చోటే అతడి ఆటకు అవసరం లేకపోయింది. 1985 ఫైనల్స్‌లో అత్యుత్తమ ఆటగాడిగా ఎంపికయ్యేనాటికి అతడికి 38 ఏళ్లు. 42 ఏళ్లకు గానీ ఆట విడిచిపెట్టలేదు.

ఇప్పుడు కోబీ లెక్క వేద్దాం. లీగ్ దశలో 1,346 మ్యాచ్‌లు, 33,643 పాయింట్లు, సగటు 25. అతడి ఆరు భారీ మ్యాచ్‌లు ఇవి: 62, 81, 65, 60, 61, 60. మొత్తం 389. ఆ ఆరు రాత్రులూ అతడు తన సగటు మాత్రమే చేసి ఉంటే 150 వచ్చేవి. అంటే ఆ ఆరు రాత్రులు అతడి ఖాతాలో అదనంగా వేసినవి 239 పాయింట్లు. సగటున ఆడే పది మ్యాచ్‌లకు వచ్చే పాయింట్లకన్నా తక్కువ.

మొదటిసారి ఈ లెక్క కాగితం మీద వేసినప్పుడు పొరపాటు చేశానేమోనని మళ్లీ కూడి చూశాను. జీవితాంతం చెప్పుకునే ఆరు రాత్రులు ఒక పక్క, పది మామూలు మంగళవారాలు మరో పక్క వేస్తే, మొత్తం పాయింట్ల తక్కెడ మంగళవారాల వైపే మొగ్గుతుంది.

ఒక మడమ, రెండు ఫ్రీ త్రోలు

ఆడలేకపోయిన మ్యాచ్‌ల బరువు ఎంతో కోబీ చివరి సంవత్సరాలను చూస్తే తెలుస్తుంది.

2013 ఏప్రిల్. ప్లేఆఫ్స్‌లో చోటు కోసం లేకర్స్ కిందామీదా పడుతోంది. కోబీకి 34 ఏళ్లు, అది 17వ సీజన్. ఏప్రిల్ 10న పోర్ట్‌లాండ్‌లో ఒక్క నిమిషం కూడా బయట కూర్చోకుండా 48 నిమిషాలూ ఆడి 47 పాయింట్లు చేశాడు. రెండు రోజుల తర్వాత లాస్ ఏంజెలెస్‌లో గోల్డెన్ స్టేట్‌తో మ్యాచ్. నాలుగో క్వార్టర్ చివర్లో ఎడమ పక్కకు తిరిగి ముందుకు దూకబోయి కూలబడ్డాడు. మడమ పట్టుకుని నేల మీదే కూర్చున్నాడు. పిక్కను మడమకు కట్టి ఉంచే అకిలిస్ స్నాయువు తెగిపోయింది. అప్పటికే ప్రత్యర్థి తప్పు చేసినందువల్ల రెండు ఫ్రీ త్రోలు వచ్చి ఉన్నాయి. లేచి, ఆ కాలితోనే నడుచుకుంటూ వెళ్లి గీత దగ్గర నిలబడ్డాడు. రెండూ వేశాడు. స్కోరు 109-109తో సమమైంది. తర్వాత తన కాళ్ల మీదే నడుచుకుంటూ లోపలికి వెళ్లిపోయాడు. లేకర్స్ 118-116తో గెలిచింది.

ఎనిమిది నెలలకు తిరిగొచ్చి ఆరు మ్యాచ్‌లు ఆడాడో లేదో మోకాలి దగ్గర ఎముక విరిగింది. ఆ తర్వాతి సీజన్‌లో భుజం దెబ్బతినడంతో 35 మ్యాచ్‌లకే ఆగిపోయాడు. సీజన్‌కు 82 మ్యాచ్‌లు. అంటే రెండు సీజన్లలో కలిపి ఆడలేకపోయినవి 123. ఆ రోజుల్లో అతడి స్థాయికి తగ్గట్టు మ్యాచ్‌కు 22 పాయింట్లే అనుకున్నా, చేజారినవి సుమారు 2,700. ఆరు మహా రాత్రుల అదనం 239 అని ఇందాక చూశాం. ఆరోగ్యంగా ఉన్నా ఆ వయసులో అన్నీ ఆడి ఉండేవాడు కాదు, కాబట్టి 2,700 అన్నది పై హద్దు. సగానికి కోసినా 239తో పోలికే లేదు.

భారం వల్లే గాయమా?

వాదనలో గట్టి పీటముడి ఇదే. ఒక పక్షం మాట ఇది: 34 ఏళ్ల మనిషిని రోజు విడిచి రోజు 45 నిమిషాలకు పైగా పరుగెత్తించారు, స్నాయువు తెగకపోతే ఏమవుతుంది? లీగ్ దశ, ప్లేఆఫ్స్ కలిపితే కోబీ కెరీర్‌లో ఆడినవి 57,278 నిమిషాలు. ప్లేఆఫ్స్ మ్యాచ్‌లే 220, అంటే దాదాపు మూడు సీజన్లు అదనం. హైస్కూల్ నుంచి నేరుగా లీగ్‌లోకి వచ్చినవాడు కాబట్టి ఈ గడియారం 18 ఏళ్లకే నడవడం మొదలైంది.

రెండో పక్షం చూపేది చేంబర్లిన్‌ను. 1961-62లో అతడు మ్యాచ్‌కు సగటున 48.5 నిమిషాలు ఆడాడు. మ్యాచ్ నిడివి 48 అయితే అంతకన్నా ఎక్కువ ఎలా అంటే, అదనపు సమయాలు కూడా కలుస్తాయి. అంత ఆడినా అతడి కెరీర్ 14 సీజన్లు సాగింది. మరోవైపు, ఎంత జాగ్రత్తగా విశ్రాంతి ఇచ్చినా మోకాళ్లు దెబ్బతిన్న యువ ఆటగాళ్లు లీగ్‌లో ఎందరో ఉన్నారు. ఇక డేవిడ్ థాంప్సన్ 1978లో సీజన్ ఆఖరి రోజున 73 పాయింట్లు చేశాడు. ఆరేళ్లకే, మోకాలి గాయంతో అతడి కెరీర్ ముగిసింది. దానికి ఆ 73తో ఏ సంబంధమూ లేదు.

నా అవగాహనలో, ఒక గాయాన్ని ఒక మ్యాచ్‌కు ముడిపెట్టడం తొందరపాటు. పోర్ట్‌లాండ్‌లో విశ్రాంతి తీసుకుని ఉంటే మడమ నిలిచేదని ఎవరూ రుజువు చేయలేరు. అలసట వల్ల గాయానికి ఆస్కారం పెరుగుతుందనేది మాత్రం జట్లన్నీ నమ్మే మాట. ఆటగాళ్లను వంతులవారీగా విశ్రమింపజేసే పద్ధతి అలాగే వచ్చింది. దానికి శాన్ ఆంటోనియో జట్టు పెట్టింది పేరు. 2012 నవంబర్‌లో మయామీతో మ్యాచ్‌కు ముందే ప్రధాన ఆటగాళ్లను ఇంటికి పంపినందుకు లీగ్ ఆ జట్టుకు 2,50,000 డాలర్ల జరిమానా వేసింది.

ప్రేక్షకుడి వైపు నుంచి చూస్తే లీగ్ కోపం అర్థమవుతుంది. టికెట్ కొనుక్కుని పిల్లల్ని వెంటబెట్టుకుని వచ్చినవాడికి తన అభిమాన ఆటగాడు సూటు వేసుకుని బెంచీ మీద కనిపిస్తే ఎలా ఉంటుంది? అందుకే 2023-24 నుంచి లీగ్ ప్రధాన అవార్డులకు అర్హత పొందాలంటే సాధారణంగా 65 మ్యాచ్‌లు ఆడి ఉండాలనే నిబంధన పెట్టింది. దాన్ని వ్యతిరేకించేవారి వాదనలోనూ బలముంది: అవార్డు కోసం, దానికి ముడిపడిన ఒప్పందపు సొమ్ము కోసం, నొప్పిని దాచుకుని ఆడే ప్రమాదం ఉంది.

ఆ 60 విలువ ఎంత

ఆఖరి మ్యాచ్ మీద వచ్చే విమర్శలో తప్పేమీ లేదు. ఆ సీజన్‌లో లేకర్స్ 17 గెలిచి 65 ఓడింది. పోగొట్టుకోవడానికి ఏమీ మిగల్లేదు. సహచరులు ప్రతిసారీ బంతిని అతడి చేతికే ఇచ్చారు. 50 షాట్లు వేస్తే సగం కూడా పడలేదు.

అయినా ఆ మ్యాచ్‌ను మళ్లీ చూస్తే నాకు అంకెలు పక్కకు తప్పుకుంటాయి. మొదటి అయిదు షాట్లు వరుసగా పోయాయి. ఊపిరి అందక మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని వంగి నిలబడ్డాడు. నాలుగో క్వార్టర్‌లో అతడొక్కడే 23 పాయింట్లు చేశాడు. ఆ క్వార్టర్‌లో ప్రత్యర్థి యూటా జట్టంతా కలిసి చేసినవి 21. అర నిమిషం మిగిలి ఉండగా వేసిన షాట్‌తో లేకర్స్ 97-96తో ముందుకు వచ్చింది. రెండు ఫ్రీ త్రోలతో 60 పూర్తయింది. ఆఖరి క్షణాల్లో బంతి మళ్లీ చేతికి వస్తే కోర్టు అవతలి కొస వరకు విసిరి జోర్డన్ క్లార్క్‌సన్‌కు అందించాడు. అతడు దాన్ని బుట్టలోకి దిగ్గొట్టాడు. 101-96.

అది గొప్ప ఆటా అని అడిగితే, సామర్థ్యం లెక్కన కాదనే చెప్పాలి. ఆ వయసులో, ఆ గాయాల తర్వాత అది సాధ్యమేనా అని అడిగితే సమాధానం వేరు. విమర్శించేవారు మొదటి ప్రశ్నకు, అభిమానించేవారు రెండో ప్రశ్నకు జవాబు చెబుతూ ఒకరితో ఒకరు గొడవపడుతున్నారు.

లెబ్రాన్ దారి

2023 ఫిబ్రవరి 7న కరీం రికార్డును దాటినవాడు లెబ్రాన్ జేమ్స్. కరీంకు 1,560 మ్యాచ్‌లు పట్టిన చోటికి అతడు 1,410 మ్యాచ్‌ల్లో చేరాడు. ఒక్క మ్యాచ్‌లో అతడి అత్యధికం 61, కోబీ 81కి 20 తక్కువ. 2024 అక్టోబర్‌లో కొడుకు బ్రానీతో కలిసి ఒకే మ్యాచ్‌లో కోర్టులోకి దిగాడు. ఎన్‌బీఏలో తండ్రీకొడుకులు కలిసి ఆడటం అదే మొదలు. 2025-26లో 23వ సీజన్ ఆడాడు, అంతకుముందు ఎవరూ అంతదూరం రాలేదు.

అతడి పేరిట మరో రికార్డు ఉండేది. 2007 జనవరి నుంచి లీగ్ దశలో ఆడిన ప్రతి మ్యాచ్‌లోనూ కనీసం 10 పాయింట్లు చేశాడు. అలా వరుసగా 1,297 మ్యాచ్‌లు. ఒక రాత్రి మెరుపుతో రాని రికార్డు ఇది, ఒక్క రాత్రి తడబడితే పోయే రికార్డు.

2025 డిసెంబర్ 4న టొరంటోలో అతడి జట్టు లేకర్స్‌కు రాప్టర్స్‌తో మ్యాచ్. దాదాపు ఇరవై ఏళ్ల కిందట కోబీ 81 చేసింది ఈ జట్టు మీదే. లెబ్రాన్ షాట్లు ఆ రోజు పడలేదు, 17 వేస్తే 4. స్కోరు సమంగా ఉంది, ఆఖరి సెకన్లు నడుస్తున్నాయి, అతడి ఖాతాలో ఉన్నవి 8 పాయింట్లు. బంతి చేతిలోనే ఉంది. ఒక్క షాట్ పడితే పది పూర్తవుతాయి. మూలన ఎవరూ కాపలా లేకుండా నిలబడ్డ సహచరుడు రుయి హాచిమురాకు బంతి ఇచ్చేశాడు. గంట మోగుతుండగా హాచిమురా వేసిన మూడు పాయింట్ల షాట్ పడింది, లేకర్స్ 123-120తో గెలిచింది, 1,297 దగ్గర లెక్క ఆగిపోయింది.